ఎండకాలపు లెక్క

నాగార్జునసాగర్ నిండు మట్టం 590 అడుగులని నల్లగొండ జిల్లాలో బడిపిల్లలు కూడా చెప్తారు. వానాకాలంలో ఆ అంకె వచ్చిందంటే గేట్లెత్తారని బండ్లు కట్టుకుని పోయి చూస్తాం. తర్వాత ఆ అంకె రోజుకింత దిగుతుంది. సంక్రాంతి దాకా దాన్ని ఎవరూ పట్టించుకోరు. ఏప్రిల్ వచ్చేసరికి పేపర్లో పెద్దక్షరాలకెక్కుతుంది. 510 దగ్గర పడితే హైదరాబాద్‌కు తాగునీళ్ల గుబులు మొదలు. మనకు కరువు కబురైన ఈ దిగుడే ఒక పిట్టకు సంసారం పెట్టుకునే వేళ.

ఆ పిట్ట రివర్ టర్న్. నల్లటి టోపీ, పచ్చటి పొడుగు ముక్కు, బూడిదరంగు వీపు, కత్తెరలా చీలిన తోక. నీళ్ల మీద రెక్కలాడిస్తూ ఒక చోట నిలబడి, తల వంచి చూసి, రాయి పడ్డట్టు పడుతుంది. లేచేటప్పుడు ముక్కున చేప ఉంటుంది. దీని వంశంలో చాలావరకు సముద్రపు పక్షులే. గల్ పక్షులు, కడలి మీద బతికే టర్న్‌లు, నీటిని ముక్కుతో కోసుకుంటూ పోయే స్కిమ్మర్ అన్నీ దీనికి దాయాదులే. ఇది మాత్రం నదినే నమ్ముకుంది. సముద్రానికి వందల కిలోమీటర్ల దూరంలో, రాళ్లూ రేగడీ తప్ప మరేమీ లేవనుకునే నల్లగొండ, పాలమూరు జిల్లాల్లో సముద్రపు పక్షుల సంగతి మాట్లాడుకోవాలంటే దీని దగ్గరే మొదలుపెట్టాలి.

తుపానుకు కొట్టుకొచ్చే అసలు సిసలు సముద్ర పక్షులూ ఉంటాయి. 2020లో అంఫన్ తుపాను తర్వాత పశ్చిమ బెంగాల్‌లో పక్షులు చూసేవాళ్లు బయల్దేరి వెతికితే, లోతట్టు నేల మీద మామూలుగా కనబడని సూటీ టర్న్‌లు ఊళ్ల మధ్య చెరువుల మీద దొరికాయి. అదొక వింత, అంతే. వింత పక్షి కోసం పరుగెత్తే ఉత్సాహం మన దగ్గరా ఉంది. నా ప్రశ్న ఇక్కడే పుట్టి ఇక్కడే పెరిగే పక్షి గురించి: దాన్ని చూస్తున్నది ఎవరు, ఎప్పుడు?

బ్రిటన్‌లో సముద్ర పక్షుల కోసమే 1966లో ఒక సంఘం పెట్టుకున్నారు. 1969, 70లలో ఆపరేషన్ సీఫేరర్ పేరుతో దేశం చుట్టూ ఉన్న కొండచరియలు, దీవులు ఎక్కి గూళ్లు లెక్కపెట్టారు. ఎక్కినవాళ్లలో ఎక్కువమంది స్వచ్ఛందంగా వచ్చినవాళ్లు. ఆ లెక్క మళ్లీ మళ్లీ జరిగింది. చివరిది 2015 నుంచి 2021 దాకా సాగింది. మనం పట్టుకోవలసిన సంగతి వాళ్ల ఓపిక కాదు, కాలం. వాళ్లు పక్షి గుడ్ల మీదున్నప్పుడు లెక్కపెట్టారు. గూడు దొరికితేనే ఆ పక్షి ఎక్కడిదో తెలుస్తుంది, పిల్లలు బతుకుతున్నాయో లేదో తెలుస్తుంది.

మనం లెక్కపెట్టేది జనవరిలో.

మన పక్షుల లెక్కకూ ఒక కథ ఉంది. 1931-32లో పక్షి శాస్త్రవేత్త సలీం అలీ నిజాం రాజ్యంలో పక్షుల సర్వే చేశారు. అమ్రాబాద్ గుట్టల మీద మన్ననూరు, ఫరహాబాద్‌లలో మకాం వేశారు. ఆ ఫలితాలు బొంబాయి నేచురల్ హిస్టరీ సొసైటీ పత్రికలో 1933, 34లలో వచ్చాయి. అప్పటికి కృష్ణ మీద సాగర్ లేదు, శ్రీశైలం లేదు, జూరాల లేదు. నది నదిలాగే పారేది. ఎండకాలం ఇసుక తేలేది, ఆ ఇసుకే టర్న్‌లకు పురుడు గది. ఆ తర్వాత యాభై ఏళ్లు ఈ దిక్కు పక్షుల గురించి పద్ధతిగా రాసినవాళ్లు తక్కువ. 1980లో హైదరాబాద్‌లో బర్డ్ వాచర్స్ సొసైటీ ఆఫ్ ఆంధ్రప్రదేశ్ పుట్టింది. మయూర అనీ, పిట్టా అనీ పత్రికలు నడిపారు. 1989లో సిరాజ్ తాహెర్, ఆశిష్ పిట్టీ కలిసి రాష్ట్ర పక్షుల జాబితా అచ్చువేశారు. జీతం లేని పని, సొంత పెట్రోలు, ఆదివారాలు. ఆ సంఘమే రాష్ట్రం విడిపోయాక దక్కన్ బర్డర్స్ అయింది. హైదరాబాద్ బర్డింగ్ పాల్స్ లాంటి కొత్త బృందాలూ వచ్చాయి. కెమెరాలు చవకయ్యాయి, ఫోన్లలో పక్షుల లెక్క రాసుకునే ఈబర్డ్ వచ్చింది. ఒకప్పుడు ఇరవైమంది చేసిన పని ఇప్పుడు వందలమంది చేస్తున్నారు.

ఈ పనిని తక్కువ చేసి మాట్లాడటం నాకిష్టం లేదు. దేశమంతటా ఇలాంటివాళ్లు నోట్ చేసిన మూడు కోట్లకు పైగా పరిశీలనలతో, ముప్పై వేల మంది పైచిలుకు చేతులతో 2023లో స్టేట్ ఆఫ్ ఇండియాస్ బర్డ్స్ నివేదిక తయారైంది. 942 జాతుల సంగతి అందులో తేల్చారు. సర్కారు డబ్బు పోసి చేయించినా అంత పని అయ్యేది కాదు. అంతకుముందు 2020 నాటి నివేదికే చెప్పింది, నీటి పక్షుల్లో బాగా తగ్గిపోతున్న వాటిలో గల్‌లు, టర్న్‌లు ఉన్నాయని. రివర్ టర్న్ ఇవాళ ప్రపంచ జాబితాలో ముప్పున పడ్డ పక్షి. దాని చిన్న చెల్లెలు, నల్ల పొట్ట టర్న్, అంతకంటే గడ్డు స్థితిలో ఉంది.

అయినా లెక్క ఎప్పుడు జరుగుతుందో చూడండి. ఆసియా నీటి పక్షుల గణన 1987లో మొదలైంది. ఏటా జనవరిలో జరుగుతుంది. ప్రపంచమంతా ఒకేసారి లెక్కపెడితే వలస పక్షులు రెండుసార్లు లెక్కలోకి రావన్నది దాని లోపలి తర్కం, మంచి తర్కమే. పెరటి పక్షుల లెక్క ఫిబ్రవరిలో. మన సంఘాల యాత్రలూ చాలావరకు నవంబర్ నుంచి ఫిబ్రవరి దాకానే. చలి పొద్దు, పచ్చటి పొలాలు, చెరువు నిండా బాతులు, కట్ట మీద ఇడ్లీ, చాయ్. ఎవరికి మాత్రం చేదు? నల్లగొండ పక్కన పానగల్లు ఉదయసముద్రం కట్ట మీద నేనూ అలాంటి జనవరులు చాలా గడిపాను. కందూరు చోళుల నాటి చెరువు, ఇప్పుడు కృష్ణ నీళ్లు నిల్వచేసుకునే రిజర్వాయరు. నీళ్ల మీద తెల్లగా, తేలికగా, గుంపులుగా తిరిగేవి ఎక్కువగా విస్కర్డ్ టర్న్‌లు. అవి చలికాలపు చుట్టాలు. రివర్ టర్న్‌లా మునగవు, నీటిపైనున్న పురుగునో చేపపిల్లనో ముక్కుతో ఏరుకుని పోతాయి, తోక చీలిక కూడా అంతంత మాత్రమే. వాటిని లెక్కపెట్టి, ఫోన్లో ఎక్కించి, మధ్యాహ్నానికి ఇంటికొస్తాం.

ఏప్రిల్, మే నెలల్లో ఇదే చెరువుల దగ్గర, సాగర్ వెనక నీళ్ల దగ్గర బైనాక్యులర్స్‌తో మనిషి కనబడటం అరుదు. నలభై రెండు డిగ్రీల ఎండలో ఎవరు పోతారు?

ఒకసారి పోయాం. నేరేడుగొమ్ము మండలంలో సాగర్ వెనక నీళ్ల ఒడ్డున వైజాగ్ కాలనీ అని ఒక పల్లె ఉంది. ఇప్పుడు చేపల కూరకు, సెల్ఫీలకు పేరుపడింది గానీ, అది మత్స్యకారుల ఊరు. సాగర్ కట్టాక విశాఖ వైపు నుంచి వచ్చి ఇక్కడ నిలిచిపోయిన కుటుంబాలవి. సముద్రం వదిలి వచ్చిన జనం, సముద్రాన్ని వదిలిన పిట్ట ఒకే ఒడ్డున ఉండటం నాకు వింతగా తోచింది. వల బాగుచేసుకుంటున్న ఒక ముసలాయనను పక్షుల గురించి అడిగాను. తాతల నాటి యాస ఇంకా వదల్లేదు.

"సంకురాత్రికొచ్చి లెక్కెట్టుకుని ఎల్లిపోతారు గదా బాబూ మీ వోళ్లు. అప్పుడుండే పిట్టలు మా ఊరివి కావు. మా ఊరి పిట్టలు ఇయ్యి," అని నీళ్ల మధ్య తేలిన గుట్ట తల చూపించాడు.

పడవలో పోయాం. గుట్ట తల అంటే ఒక ఎకరం ఉంటుందేమో. ఎండిన ఒండ్రు పెంకులు పెంకులుగా లేచి ఉంది, మధ్యలో గులకరాళ్లు. దిగగానే తల మీద గోల మొదలైంది. టర్న్‌లు ఒక్కొక్కటే బాణంలా దిగి చెవి పక్క నుంచి పోతున్నాయి. ఒకటి నా టోపీని తన్నింది. కింద చూసుకుంటూ నడవమని పడవాయన అరిచాడు. రెండడుగుల ముందు గుడ్లున్నాయి. గడ్డిపోచ కూడా లేని చిన్న గుంట, అందులో రెండు గుడ్లు, ఇసుకరంగు మీద గోధుమ చుక్కలు. చూపు తిప్పి మళ్లీ చూస్తే రాళ్లలో కలిసిపోయాయి. ఫోటో తీద్దామని అక్కడే నిలబడ్డాను. పడవాయన చెయ్యి పట్టి లాగాడు. "తల్లి లేకపోతే ఆ గుడ్డు ఉడుకుద్ది బాబూ." నిజమే. ఆ ఎండలో టర్న్ గుడ్ల మీద కూర్చునేది వెచ్చదనానికి కాదు, నీడకు. మధ్య మధ్య నీళ్లకు పోయి పొట్ట తడుపుకుని వచ్చి, ఆ తడితో గుడ్లను చల్లబరుస్తుంది. మేం ఎన్ని నిమిషాలు నిలబడ్డామో అన్ని నిమిషాలూ ఆ పని ఆగిపోయింది. పక్షుల మీద ప్రేమతో పోయిన నేను ఆ పూట వాటికి కుక్కకంటే ఎక్కువ చేటే చేసి ఉంటాను.

కుక్క అంటే గుర్తొచ్చింది. ఆ గుట్టకు ఒక వైపు బురద మీద కుక్క అడుగులున్నాయి. నీళ్లు ఇంకాస్త దిగి, గుట్టకూ ఒడ్డుకూ మధ్య మోకాలి లోతే మిగిలింది. అసలు కథంతా ఆ మోకాలి లోతులో ఉంది. నీళ్లు దిగితేనే దీవి తేలుతుంది, గుడ్డు పెడుతుంది. మరీ దిగితే దీవి ఒడ్డుకు అతుక్కుంటుంది. కుక్కలొస్తాయి, గొర్ల మంద తొక్కుకుంటూ పోతుంది, గుడ్లు ఏరుకునే పిల్లలొస్తారు. పైకి లేస్తే మునుగుతుంది. గుడ్డు పగలడానికి మూడు వారాలు, పిల్ల ఎగరడానికి ఇంకో నెల. దీవిని ఒడ్డుకు అతికించే మట్టానికీ ముంచే మట్టానికీ మధ్య నీళ్లు అన్నాళ్లు నిలవాలి.

నిలబెట్టేది ఎవరు? ఇంజనీర్లు. శ్రీశైలం ఎడమగట్టు విద్యుత్ కేంద్రంలో 150 మెగావాట్ల యంత్రాలు ఆరున్నాయి. అవి నీళ్లు కిందికి వదిలి కరెంటు తీయడమే కాదు, వెనక్కి తిరిగి కింది నీళ్లను పైకి తోడగలవు. సాగర్‌లోనూ అలాంటి యంత్రాలున్నాయి. పైన జూరాలకు కొన్ని వేసవుల్లో కర్ణాటకను అడిగి తాగునీళ్లు తెప్పించుకుంటాం. ఆ నీళ్లు వచ్చిన నాడు ఊళ్లకు పండుగ, నది మధ్య రాళ్ల మీద గూళ్లకు గండం. ఇందులో ఎవరి తప్పూ లేదు. తాగేనీళ్లను పిట్ట కోసం ఆపమనేవాణ్ణి కాదు నేను. నాలుగు రోజులు ముందూ వెనకా చేసే వీలున్నప్పుడైనా ఆ సంగతి చెప్పే మనిషి నీళ్లు వదిలే నిర్ణయం చేసే బల్ల దగ్గర లేడు, అంతే. డ్యాముల మట్టాలు రోజూ బయటికి ఇస్తారు. గూళ్లున్న దీవులు ఏ మట్టంలో తేలుతాయి, ఏ మట్టంలో ఒడ్డుకు కలుస్తాయి అన్న పట్టిక మాత్రం సంఘాల దగ్గర నాకు కనబడలేదు. రెండు వేసవులు తిరిగితే తయారయ్యే పట్టిక అది.

శ్రీశైలం వెనక నీళ్లలో దీనికొక గడియారం కూడా ఉంది. నిండు మట్టం 885 అడుగులు. అక్కడి నుంచి దిగుతూ దిగుతూ, కొల్లాపూర్ సోమశిలకు అవతలి ఒడ్డు దిక్కున సంగమేశ్వరం గుడి నీళ్లలో నుంచి బయటపడుతుంది. ఏడాదిలో సగానికి పైగా మునిగి ఉండే గుడి. అది తేలిందని జనం పడవలెక్కి దర్శనానికి పోతారు. గుడి శిఖరం కనబడిందంటే చుట్టుపక్కల దీవులూ తేలుతున్నాయని అర్థం. పూజారి ఎదురుచూసే రోజు, టర్న్ ఎదురుచూసే రోజు ఒకటే.

జూరాల కింద రాళ్ల మధ్య మరో లోకం. ప్రాజెక్టు దగ్గర చేపల ఫ్రై బండ్ల వాసన, కింద బండల మీద నోరు తెరిచి పడుకున్న మొసళ్లు, వాటి పైన రివర్ టర్న్‌లు, చిన్న ప్రాటిన్‌కోల్‌లు. ఇక్కడ పుట్టి పడవ నడిపేవాళ్లకు ఏ రాయి మీద ఏం కూర్చుంటుందో తెలుసు. అటువైపు పంచదేవ్‌పహాడ్ దగ్గర పుట్టిలో కురువపురం దీవికి భక్తులను దాటించేవాళ్లు ఏడాదంతా నది మీదే ఉంటారు. వాళ్ల చేతిలో స్మార్ట్‌ఫోన్ ఉంది. మన యాప్‌ల భాషే తెలుగు కాదు, మనం నేర్పబోయే పక్షుల పేర్లూ కాదు. అది పెద్ద అడ్డమని నేననుకోను. పేరు రాకపోయినా ఫలానా గుట్ట మీద ఫలానా రోజు ఇన్ని గుడ్లు అని వాట్సాప్‌లో మాట రికార్డు చేసి పంపితే చాలు. పేరు పెట్టేవాళ్లు హైదరాబాద్‌లో ఉన్నారు.

ఇది ఊహల మాట కాదు, మరోచోట జరిగినదే. కర్ణాటకలో కొక్కరెబెళ్లూరు అనే ఊళ్లో గూడబాతుల కోసం 1994లో ఊరి యువకులు హెజ్జార్లె బళగ అని సంఘం పెట్టుకున్నారు. గూటి నుంచి పడ్డ పిల్లలను పెంచి వదలడం వాళ్ల పని. మన శ్రీకాకుళం తేలినీలాపురంలో పక్షులు రాకపోతే వానలు పడవని ఊరి నమ్మకం, ఆ నమ్మకమే కాపలా. చంబల్ నది మీద బొంబాయి సొసైటీ వాళ్లు స్కిమ్మర్ గూళ్లకు ఆ ఒడ్డు ఊళ్ల మనుషులనే కాపలా పెట్టారు. అదే స్కిమ్మర్ చలికాలంలో కాకినాడ దగ్గర కుంభాభిషేకం బురద మేటల మీద కనిపిస్తుంది. కాకినాడకు బైనాక్యులర్స్ పట్టుకుని పోయేవాళ్లలో ఎందరికి చంబల్ కాపలావాడు గుర్తొస్తాడు? ఈ మూడు చోట్లా పని నిలబడింది ఒడ్డునుండే మనిషితో. నగరం నుంచి వచ్చేవాడు సాయం మాత్రమే.

మన సంఘాలకు గెలుపులు లేవని కాదు. 2016లో అమీన్‌పూర్ చెరువుకు జీవవైవిధ్య వారసత్వ స్థలంగా గుర్తింపు రావడం వెనక పక్షులు చూసేవాళ్ల ఏళ్ల తరబడి జాబితాలున్నాయి. కానీ అమీన్‌పూర్ హైదరాబాద్ అంచున ఉంది. 2019లో నల్లమలలో యురేనియం వద్దని రాష్ట్రమంతా లేచింది, అసెంబ్లీ తీర్మానమూ చేసింది. అడవికి దొరికిన ఆ గొంతు, అడవి కాళ్ల దగ్గర పారే నీళ్లకు, ఆ నీళ్లలో తేలే గుట్టలకు ఇంకా దొరకలేదు. 2025లో మొదలైన హైదరాబాద్ బర్డ్ అట్లాస్ మీద నాకు ఆశ ఎక్కువ, ఎందుకంటే అది చలికాలంతో ఆగకుండా రెండో కాలంలోనూ మ్యాపు మీద గీసిన అవే గడులకు మళ్లీ పోతుంది. కేరళవాళ్లు 2015 నుంచి 2020 దాకా వెయ్యిమందికి పైగా వాలంటీర్లతో రాష్ట్రమంతా ఇలాగే గడులు గీసి తిరిగారు. నచ్చిన చెరువుకు కాదు, చీటీలో వచ్చిన గడికి పోవాలి. బోరు కొట్టే పని. లెక్కకు విలువ వచ్చేది ఆ బోరులోనే.

ఇంకో చిక్కుంది, దాన్ని దాచిపెట్టను. గూళ్లున్న చోటు తెలిస్తే కెమెరాలు వస్తాయి. పిల్ల నోట్లో చేప పెడుతున్న టర్న్ ఫోటోకు సోషల్ మీడియాలో లైకుల వాన. ఇప్పుడు డ్రోన్ కూడా. నా టోపీని తన్నిన పక్షి చెప్పింది అదే. కాబట్టి ఎండకాలపు లెక్క అంటే అందరూ దీవులు ఎక్కమని కాదు. ఒడ్డు మీద నుంచి టెలిస్కోప్, పడవలో నుంచి చూపు, పొద్దున తొమ్మిది లోపలే. ఏ దీవో బయటికి చెప్పకుండా, అటవీ శాఖకూ మత్స్యకారుల సంఘానికీ మాత్రం చెప్పడం. మట్టం మరీ దిగినప్పుడు ఒడ్డు వైపు ముళ్లకంప వేస్తే కుక్క ఆగుతుంది, గొర్రె ఆగుతుంది. ఖర్చు ఒక పూట కూలి.

పాలమూరు-రంగారెడ్డి ఎత్తిపోతల కింద నార్లాపూర్, ఏదుల, వట్టెం, కరివెన అని కొత్త జలాశయాలు వచ్చాయి, వస్తున్నాయి. ఎగువన గుట్టల మధ్య కట్టినవి. నీళ్లు నింపినా దింపినా కొత్త దీవులు తేలుతాయి, మునుగుతాయి. అవి తేలిన మొదటి వేసవే టర్న్‌లు దిగవచ్చు, పది వేసవులకు దిగవచ్చు. మొదటి ఏడాది నుంచే రాసిపెట్టుకునే అవకాశం మనకు ఇప్పుడుంది. సాగర్ నిండినప్పుడు ఆ పని చేసినవాళ్లు లేరు.

పోయిన జనవరిలో ఉదయసముద్రం కట్ట మీద విస్కర్డ్ టర్న్‌లు లెక్కపెడుతుంటే వైజాగ్ కాలనీ ముసలాయన మనవడి నుంచి ఫోన్ వచ్చింది. ఏటి బాబూ, ఈ ఏడు ఎప్పుడొత్తారు అని. ఏప్రిల్ అన్నాను. మట్టం చూసుకుని చెప్తాను, తొందరపడి రాకండి, గుట్ట ఇంకా తేలలేదు అన్నాడు.